సాకు

రాయదుర్గంలో బొమ్మ ఎప్పుడూ మధ్యలోనే మొదలయ్యేది.
నాలుగాటలు పట్టాలని, కరెంటు పోతాదని
ఆపరేటరు సత్తారు పేర్లన్నీ దాటించి
హీరో బైకు దిగేకాణ్ణుంచి వేసేవాడు.
మాయన్న పేరు
ఆ దాటించినదాంట్లో ఉండేది.

మూడుసార్లు పోయినా,
జీన్సు షెడ్డులో నాతో కుట్టే ఆడోళ్లను ఎంటబెట్టుకొని.
మూడుసార్లూ అడిగినారు:
"యాడమ్మే మీయన్న?"
తెర మీద ఒకడు ఇంకొకణ్ణి తంతున్నాడు.
"ఆ తన్నుకీ, వాడు పడ్డానికీ మధ్యలో" అన్నా.
నవ్వినారు.
నేను నిజమే చెప్పినా.

వన్నూరప్ప మాయన్న పేరు.
మొదట సత్తారు కిందనే, ఆ ఇరుకు క్యాబిన్లో
తెగిన రీలును బ్లేడుతో గీకి, సిమెంటు పూసి అతికించేవాడు.
ఇంటికొస్తే వేళ్లు మాగిన అరటిపండు వాసన.
పద్దెనిమిదేండ్లప్పుడు
ప్రింటు పెట్టె బెంగళూరు గాంధీనగరంలో అప్పజెప్పి రమ్మంటే
పెట్టె అప్పజెప్పినాడు.
రాలేదు.
ఏడాదికి ఒక కార్డు ముక్క:
"తెల్ల గ్లౌజులు ఇచ్చినారు. అన్నం ఆఫీసులోనే."

పద్నాలుగేండ్లు అసిస్టెంటు.
ఫ్యాను వేస్తే దుమ్ము లేచి నెగటివు మీద పడతాదని
ఎండాకాలమంతా ఫ్యాను ఆపేసి కోసేవాళ్లంట.
చెమట పడితే అదొక తిట్టు, దుమ్ము పడితే ఇంకొక తిట్టు,
రెండూ కన్నడంలోనే.

ఒకసారి వచ్చినప్పుడు, మిద్దె మీద పండుకొని చెప్పినాడు:
"డైరెక్టరు పక్కన కూచొని 'సాకు' అంటాడమ్మీ.
సాకంటే చాలు. అక్కడ కొయ్యాల.
మనకేమో సాకేదంటే బిడ్డను పెంచేది.
వాళ్లకూ ఆ అర్థం ఉంది గానీ
ఆ రూములో ఎవురికీ గుర్తుండదు.
ఒక ముసలామె తడిచీర పిండే షాటు. సాకన్నాడు.
నేను ఇంకొక అడుగు సాకినా."
"అడుగంటే ఎంత?"
"పదహారు బొమ్మలు. సెకను గూడా కాదు."
"దానికేనా ఇంత?"
"ఆ అడుగులోనే ఆమె తన చేతులు చూసుకుంటాది."
తర్వాత మాట్లాడలేదు. కోట మీద ఎవురిదో టార్చిలైటు తిరుగుతా ఉండింది.

తెలుగులో ఈ పనిని కూర్పు అని వేస్తారు,
కన్నడంలో సంకలన.
రెండింట్లోనూ కొయ్యడమనే మాటే లేదు.
మా షెడ్డులో కటింగు మాస్టరు కాసింకు ఆ సిగ్గు లేదు,
కత్తెర మెడలోనే ఏలాడేసుకొని తిరుగుతాడు.

కంప్యూటరొచ్చింది. వేళ్ల వాసన పోయింది.
"కోసిందాన్ని మళ్లీ ఎనక్కి తెచ్చుకోవచ్చిప్పుడు,
అందుకే ఎవురూ తెగించి కొయ్యరు" అన్నాడు ఫోనులో.
కడాకు సీరియళ్లు చేసినాడు.
ఉరిమితే అత్త మొహం మూడుసార్లు,
కోడలి మొహం మూడుసార్లు.
"సాకు సాకు అని నేనే అంటున్నా,
ఈసారి వాళ్లు ఇనడంల్యా."

పోయినేడు టాకీసు అమ్మేసినారు. జీన్సు గోడౌను చేస్తారంట.
కడాటకు సత్తారు, ఒక కన్ను పొర కమ్మి,
పాత కన్నడ బొమ్మొకటి యాడ్నుంచో తెప్పించినాడు.
"ఈపొద్దు దాటించనులేమ్మా" అన్నాడు మెట్ల కాడ.

రీలంతా గీతలు, తెర మీద వాన.
ఆ వానలో పేర్లు.
కన్నడ అక్షరాలే గానీ
తలకట్టు కొంచెం వంచితే మనవే.
డ్యాన్సు, ఫైట్లు, ఎవురెవురో,
సంకలన.
దాని కింద మాయన్న, వణుకుతా.

ఎన్ని అడుగులుంటాడో లెక్కబెడదామనుకున్నా.
రెండు దాకా వచ్చి మరిచిపోయినా.
ఎనక బెంచీ నుంచి ఎవురో అరిచినారు,
"కూకోమ్మో, బొమ్మ కనపడ్డంల్యా!"

నేనెప్పుడు లేచి నిలబడినానో.